పదకొండేళ్లకు క్లబ్బు సభ్యత్వం వచ్చింది. నాన్నగారి పేరు మాత్రం అతిథుల పుస్తకంలో

తార్నాక_వాసి (చర్చ ప్రారంభం)

సభ్యులందరికీ నమస్కారం. నగరంలోని ఒక పాత క్లబ్బులో సభ్యత్వం కోసం 2013లో దరఖాస్తు పెట్టాను. ఒకరు ప్రతిపాదించి మరొకరు బలపరచడం, మా దంపతులను పిలిచి మాట్లాడటం, ఏళ్ల తరబడి వరుసలో వేచి ఉండటం అన్నీ పూర్తయి, నిరుడు నా పేరు ఖాయమైంది. దానికి కట్టిన సొమ్ము ఎంతో ఇక్కడ చెప్పుకోవడానికి సిగ్గుగా ఉన్నది.

గత నెల తెనాలి నుంచి వచ్చిన మా నాన్నగారిని భోజనానికి అక్కడికి తీసుకువెళ్లాను. ఆయన విశ్రాంత ప్రధానోపాధ్యాయులు. నా చిన్నతనంలో ఒకసారి తాను స్నేహితుడి వెంట వేరే ఊరి క్లబ్బుకు వెళితే, పంచె, తోలు చెప్పులు చూసి గేటు దగ్గరే ఆపేశారని, ఆ స్నేహితుడు లోపల పని ముగించుకుని వచ్చేదాకా తాను ఎదుటి బడ్డీకొట్టు బల్ల మీద కూర్చున్నానని ఆయన మాకు నవ్వుతూ చెప్పేవారు. అందుకే ఈసారి నేనే ముందు జాగ్రత్తపడి ప్యాంటు, బూట్లు వేయించి తీసుకువెళ్లాను. మా క్లబ్బు నియమాల ప్రకారం భార్యాపిల్లలు సభ్యుడి కుటుంబం కిందికి వస్తారు కానీ తల్లిదండ్రులు రారు. గేటు దగ్గర పొడుగాటి పుస్తకంలో సభ్యుని పేరు, సంఖ్య, అతిథి పేరు, బంధుత్వం, వచ్చిన వేళ అని గడులు గీసి ఉన్నాయి. అతిథి గడిలో ఆయన పేరు రాసి, బంధుత్వం గడిలో 'తండ్రి' అని రాశాను. నాన్నగారు కళ్లజోడు పెట్టుకుని ఆ పుటంతా తీరిగ్గా చదివి, "గుమాస్తా దస్తూరీ బాగుందిరా" అని మాత్రం అన్నారు.

లోపలి పచ్చిక బయలు చక్కనిదే, కాదనను. అయితే అక్కడి పెసరట్టు మా వీధి చివరి హోటలు పెసరట్టు కంటే ఏమంత గొప్పది కాదు. మరి ఈ పదకొండేళ్లుగా నేను దేనికోసం ఎదురుచూశాను? మనుషుల మధ్య చోటు కావాలన్న కోరిక, నలుగురికీ దొరకని చోటు కావాలన్న కోరిక ఒకటేనా? మీ అభిప్రాయాలు తెలియజేయగలరు.

గోదావరి_గట్టు

తార్నాక గారూ, మీ ప్రశ్నకు మన భాషలోనే సగం జవాబు ఉన్నదని నాకు అనిపిస్తుంది. భోజనాల వరుసను మనం పంక్తి అంటాం, బంతి అంటాం. వరుసలో కూర్చోదగనివాడు పంక్తిబాహ్యుడు. కూర్చున్న తరువాత కూడా ఒకరి విస్తట్లో నెయ్యి ధారగా, మరొకరి విస్తట్లో చుక్కగా పడితే దానికీ ఒక మాట ఉన్నది: బంతిలో వలపక్షం. 'వెలి' అన్న మాటకు అసలు అర్థం బయట అని మాత్రమే. ఆ చిన్న మాటలో నుంచే వెలివేత వచ్చింది, వెలివాడ కూడా వచ్చింది.

మా రాజమహేంద్రవరంలో 1881 డిసెంబరు 11న వీరేశలింగం పంతులుగారు మొదటి వితంతు వివాహం జరిపించినప్పుడు ఎదుటి పక్షం ఎక్కువగా వాడిన ఆయుధం శాస్త్ర చర్చ కాదు, భోజనాల బంతి. పెళ్లికి వెళ్లినవారిని, ఆ ఇంట భోజనం చేసినవారిని వెలివేస్తామన్నారు. ప్రాయశ్చిత్తం చేసుకుంటే తప్ప మళ్లీ తమ బంతిలోకి రానివ్వమన్నారు. పంతులుగారి ఇంటికి వంటవారు, నీళ్లు మోసేవారు రాకుండా చేశారు. అప్పుడు ఆయన భార్య రాజ్యలక్ష్మమ్మగారు తానే గోదావరికి వెళ్లి బిందెతో నీళ్లు తెచ్చి, తానే వండి వడ్డించారు. సంస్కరణను మనసులో సమర్థిస్తూనే ఆ పూట భోజనానికి వెళ్లడానికి వెనుకాడిన చదువుకున్న పెద్దమనుషులు ఊళ్లో ఎందరో ఉండి ఉంటారు. వారిని పిరికివారని తేలికగా తీసిపారేయలేను. రేపు ఇంట్లో తద్దినం పెడితే భోక్తలు రారు, ఆడపిల్ల పెళ్లికి సంబంధం రాదు, చావు వస్తే మోసే నలుగురు దొరకరు అన్నప్పుడు మనిషికి కలిగే భయం ఉత్త మర్యాద గురించిన భయం కాదు.

మీ క్లబ్బు పెసరట్టు రుచిగా లేకపోవడం నాకు వింతగా తోచలేదు. బంతి ఎప్పుడూ రుచి కోసం వేసింది కాదు కదా.

మనసు_పాఠాలు

నేను కళాశాలలో మనస్తత్వశాస్త్రం బోధిస్తాను. పై వ్యాఖ్యలో చెప్పిన భయాన్ని ప్రయోగశాలలో కొలవడానికి జరిగిన ప్రయత్నం ఒకటి ఇక్కడ చెప్పదగినది.

కిప్లింగ్ విలియమ్స్ అనే పరిశోధకుడు ఒకనాడు పార్కులో కూర్చుని ఉండగా, ఇద్దరు అపరిచితులు ఆడుకుంటున్న విసురుడు పళ్లెం (ఫ్రిస్బీ) ఆయన దగ్గరకు వచ్చి పడింది. ఆయన లేచి తిరిగి విసిరాడు, వాళ్లు మళ్లీ ఆయనకు విసిరారు, కాసేపు ముగ్గురూ ఆడారు. ఆ తరువాత ఏ కారణమూ చెప్పకుండా ఆ ఇద్దరూ ఆయనకు విసరడం మానేశారు. ముక్కూ ముఖమూ తెలియనివాళ్లు, రెండు నిమిషాల ఆట. అయినా ఆయనకు తల కొట్టేసినట్లయింది. దాని నుంచి పుట్టినదే సైబర్‌బాల్ అనే కంప్యూటరు ఆట. తెరపై ముగ్గురు బంతి విసురుకుంటారు. మొదట ఒకటి రెండుసార్లు మీకు బంతి వస్తుంది, ఆ తరువాత రాదు. అంతకు మించి ఏమీ జరగదు. 2003లో ఈ ఆట ఆడుతున్నవారి మెదళ్లను స్కాన్ చేసినప్పుడు, శరీరానికి నొప్పి కలిగినప్పుడు చురుకయ్యే భాగాలలో ఒకటి అప్పుడూ చురుకైనట్లు కనిపించింది. ఆ పోలికను ఎంతదూరం లాగవచ్చన్న దానిపై తరువాత శాస్త్రవేత్తల మధ్య వాదోపవాదాలు జరిగిన మాట నిజమే. కానీ నన్ను ఎక్కువగా ఆలోచింపజేసింది 2007లో వచ్చిన మరొక ఫలితం. ఆటలోని తక్కిన ఇద్దరూ కూ క్లక్స్ క్లాన్ అనే జాత్యహంకార ముఠాకు చెందినవారని ముందే చెప్పినా, వారు బంతి వేయకపోతే ఆడేవారి మనసు నొచ్చుకున్నది. తాము అసహ్యించుకునే గుంపు తమను కాదన్నా మనుషులు బాధపడతారన్నమాట!

పదకొండేళ్ల నిరీక్షణ సంగతికి వస్తే, 1959లో ఆరన్సన్, మిల్స్ అనే ఇద్దరు పరిశోధకులు కళాశాల విద్యార్థినులతో ఒక ప్రయోగం చేశారు. ఒక చర్చా బృందంలో చేరడానికి కొందరికి చాలా ఇబ్బందికరమైన పరీక్ష పెట్టారు, కొందరికి తేలికైనది పెట్టారు. తరువాత అందరికీ కావాలనే పరమ విసుగు పుట్టించేలా తయారుచేసిన చర్చను వినిపించారు. కష్టపడి లోపలికి వచ్చినవారికే ఆ చర్చ ఎక్కువ ఆసక్తికరంగా తోచింది. కాబట్టి ఆ పెసరట్టు గురించి మీరు ఇంత నిజాయితీగా చెప్పగలిగారంటే, తార్నాక గారూ, మీ మీద ఆ మందు పూర్తిగా పని చేయలేదనే నా అంచనా.

నిక్కచ్చి

ఇక్కడ అందరూ ఒకే వైపు మాట్లాడుతున్నందువల్ల నేను రెండో వైపు చెబుతాను. గడప లేని ఇల్లు సత్రం అవుతుంది. మా వీధి భజన మండలిలో పద్నాలుగు మందిమి ఉన్నాము; పాట రానివారిని మేము చేర్చుకోము, చేర్చుకుంటే భజన సాగదు. ఇష్టమైన పదిమంది ఒక చోట కూడి తలుపు వేసుకోవడం నేరం కాదు, స్నేహానికి అది అవసరం కూడా. ఎవరికీ కాదని చెప్పలేని చోట 'మనవాళ్లు' అన్న మాటకు బరువు ఎక్కడి నుంచి వస్తుంది?

మనసు_పాఠాలు

నిక్కచ్చి గారూ, మీ మండలికి పాట వచ్చినవాడు పదిహేనవ మనిషిగా వస్తే మీరు ఏమంటారు?

నిక్కచ్చి

తప్పకుండా రమ్మంటాము. తాళాలు కూడా ఇస్తాము.

మనసు_పాఠాలు

అయితే మీది గడపే, గేటు కాదు. పాట కోసం మీరు కూడారు, పాట రానివాడు బయట ఉండటం దాని పర్యవసానం మాత్రమే. కొన్నిచోట్ల ఎవరో ఒకరు బయట ఉండటమే అసలు సరుకు. వరుసలో వేచి ఉన్నవారందరినీ ఒకే రోజు లోపలికి రానిస్తే, లోపల ఉన్నవారు పోగొట్టుకునేది పచ్చిక బయలా, మరొకటా అని అడిగి చూడండి. రెంటికీ తేడా అక్కడ తెలుస్తుంది.

ఇందూరు_వకీలు

చర్చ క్లబ్బుల చుట్టూనే తిరుగుతున్నందున ఒక మాట గుర్తుచేయడం నా బాధ్యత అనుకుంటున్నాను. క్లబ్బు కాదంటే మనిషి ఇంటికి వెళ్లి పడుకోవచ్చు. ఊరు కాదంటే వెళ్లడానికి ఇల్లు కూడా ఆ ఊళ్లోనే ఉంటుంది.

మా నిజామాబాదు జిల్లా గ్రామాలలో గ్రామాభివృద్ధి కమిటీలు అనేవి ఉంటాయి. పంచాయతీరాజ్ చట్టం కింద ఎన్నికైనవి కావు, ఊరి పెద్దలు తమలో తాము ఏర్పరచుకున్నవి. ఇవి చెరువు, గుడి, బడి పనులు చేసిన సందర్భాలూ ఉన్నాయి, దానిని దాచవలసిన పని లేదు. కానీ మాట వినని కుటుంబాన్ని, కొన్నిసార్లు ఒక కులం మొత్తాన్ని, వెలివేసిన సందర్భాలు పత్రికలలో ఎన్నిసార్లు వచ్చాయో లెక్క లేదు. నా దగ్గరకు వచ్చిన ఒక కుటుంబం సంగతి, వారి ఆనవాలు తెలియకుండా చెబుతాను. ఒక సాయంత్రం డప్పు చాటింపు వేశారు: ఆ ఇంటివారికి కిరాణా దుకాణంలో సరుకు ఇవ్వరాదు, మంగలి క్షవరం చేయరాదు, ట్రాక్టరు కిరాయికి పోరాదు, వారితో మాట్లాడినవారు జరిమానా కట్టాలి. ఆ ఇంటి ఇల్లాలు నాతో చెప్పినది సరుకుల గురించి కాదు. "సామాను ఆర్మూరు పోయి తెచ్చుకుంటున్నం సారూ, బోరింగు కాడికి పోతే నన్ను చూసి అందరు మాట బందు చేస్తున్నరు, అది ఓర్సుకోలేకపోతున్న" అన్నది.

మహారాష్ట్ర 2016లో సాంఘిక బహిష్కారాన్ని నేరంగా పరిగణించే చట్టాన్ని ఆమోదించింది. ఆ మరుసటి ఏడు అది అమలులోకి వచ్చింది. మా దగ్గర ఇటువంటి కేసు వస్తే బెదిరింపు, బలవంతపు వసూలు వంటి మామూలు సెక్షన్ల కిందికో, బాధితులు దళితులైతే ఎస్సీ, ఎస్టీ అత్యాచారాల నిరోధక చట్టం కిందికో సర్దుకోవలసి వస్తుంది. మాట్లాడకపోవడమే ఆయుధమైనప్పుడు దానికి సాక్ష్యం ఎక్కడి నుంచి తేవాలి? నిక్కచ్చి గారు చెప్పిన 'తలుపు వేసుకునే హక్కు'కు న్యాయస్థానాల మద్దతు కొంత ఉన్నదని కూడా ఒప్పుకోవాలి. అహ్మదాబాదులోని ఒక పార్సీ గృహనిర్మాణ సహకార సంఘం తమ మతస్థులకే సభ్యత్వం అని పెట్టుకున్న నియమాన్ని 2005లో సుప్రీంకోర్టు సమర్థించింది. వృత్తిరీత్యా ఆ తీర్పును ఎన్నోసార్లు చదివాను. చదివిన ప్రతిసారీ, ఇదే నియమం ఊరంత పెద్దదైతే దానిని ఏమని పిలుస్తామన్న ప్రశ్న దగ్గర ఆగిపోతాను.

బెజవాడ_బాబాయి

మా వైపు కార్తీకమాసంలో ఉసిరిచెట్టు కింద వనభోజనాలు పెడతారు. ఏ కులం చెట్టు ఆ కులానిదే. ఫ్లెక్సీలు చూసి ఎవరిది ఏ తోటో తెలుసుకోవాలి. ఆ చెట్లకు ఈ సంగతి తెలిసినట్లు లేదు, అన్నీ ఒకేలా కాస్తున్నాయి.

నిర్వాహకులు

బాబాయి గారి వ్యాఖ్యను ఉంచుతున్నాము. అయితే ఏ కులం పేరూ ఎత్తకుండా, ఎవరినీ నొప్పించకుండా చర్చ కొనసాగించవలసిందిగా మనవి.

సియాటిల్_చినుకు

బాబాయి గారు చెప్పిన ఉసిరిచెట్లు ఇక్కడికీ వచ్చాయండీ, విత్తనాలు మేమే సామానులో పెట్టుకుని తెచ్చుకున్నాము.

పదహారేళ్ల క్రితం నేను ఈ ఊరికి వచ్చిన కొత్తలో, డిసెంబరులో సాయంత్రం నాలుగున్నరకే చీకటి పడిపోయేది. కిరాణా దుకాణంలో గోంగూర కట్ట చేత పట్టుకుని ఉన్న ఒకావిడ "తెలుగువాళ్లా అండీ?" అని అడిగినప్పుడు నాకు కళ్ల నీళ్లు తిరిగాయి. ఆ ఆదివారమే వాళ్లింట్లో భోజనం. పప్పుచారు వడ్డిస్తూ ఆవిడ అడిగిన రెండో ప్రశ్న "మీదే ఊరు?", మూడోది "ఇంటిపేరేమిటి?", నాలుగోది "ఫలానావారు మీకేమవుతారు?" అని. ఆ నాలుగు ప్రశ్నలు ఎక్కడికి దారితీస్తాయో తెలుగువారికి విడమరచి చెప్పనక్కరలేదు. నా జవాబులు వారికి సరిపోయాయి కనుక మరుసటి ఆదివారం కూడా పిలుపు వచ్చింది. నాతోపాటు అదే కంపెనీలో చేరిన మరొక అమ్మాయి రెండో ప్రశ్నకు ఊరి పేరు చెప్పి, మూడో ప్రశ్నకు మాట మార్చింది. ఆమెను ఎవరూ ఒక్క మాట అనలేదు, ఎవరూ పిలవనూ లేదు. నేను ఆ ఇంట ఆరేళ్లు భోజనం చేశాను. ఆమె ఎందుకు రావడం లేదని ఒక్కనాడూ అడగలేదు. అడిగితే నా పిలుపు ఏమవుతుందోనన్న శంక నాలో ఉండేదని ఇప్పుడు అర్థమవుతున్నది.

2023 ఫిబ్రవరిలో మా సియాటిల్ నగర పాలక మండలి కులవివక్షను నిషేధిస్తూ చట్టం చేసింది. అమెరికా నగరాలలో అదే మొదటిది. అదే ఏడు కాలిఫోర్నియా శాసనసభ ఆమోదించిన అటువంటి బిల్లును అక్టోబరులో గవర్నరు తిప్పి పంపారు. ఉద్యోగంలో, అద్దె ఇంటి విషయంలో ఇటువంటి చట్టం తప్పక పనికివస్తుంది. ఆదివారం పప్పుచారు మీద దానికి అధికారం లేదు.

హౌరా_వంతెన

మేము మూడు తరాలుగా కోల్‌కతాలో ఉంటున్న తెలుగువాళ్లము. ఈ చర్చకు సరిగ్గా సరిపోయే కథ మా ఊళ్లోనే ఉన్నది. వైస్రాయి మింటో ప్రభువు పారిశ్రామికవేత్త రాజేంద్రనాథ్ ముఖర్జీని బెంగాల్ క్లబ్బులో విందుకు పిలిచారని, తెల్లవారికే పరిమితమైన ఆ క్లబ్బు వైస్రాయి అతిథి అని కూడా చూడకుండా లోపలికి రానివ్వలేదని, ఆ అవమానం నుంచే 1907లో తెల్లవారు, నల్లవారు కలిసి కూర్చునే కలకత్తా క్లబ్బు పుట్టిందని ఇక్కడ అందరూ చెబుతారు. అవమానం నుంచి పుట్టిన ఆ క్లబ్బు ఏం చేయాలి? అందరికీ తలుపులు తీయాలి. కానీ ఆడవారికి సభ్యత్వం ఇవ్వడానికి దానికి సరిగ్గా నూరేళ్లు పట్టింది, 2007 దాకా. బొంబాయిలో విల్లింగ్డన్ క్లబ్బు కూడా 1918లో భారతీయులకూ చోటు ఉండాలన్న తలంపుతోనే వెలిసింది. అదే క్లబ్బు 1988లో చిత్రకారుడు ఎం.ఎఫ్. హుస్సేన్‌ను కాళ్లకు చెప్పులు లేవని వెనక్కి పంపింది.

తార్నాక గారి నాన్నగారి పంచె సంగతి చదివినప్పుడు నాకు చెన్నై గుర్తుకు వచ్చింది. 2014 జూలైలో అక్కడి క్రికెట్ సంఘం క్లబ్బులో జరిగిన పుస్తకావిష్కరణకు పంచె కట్టుకుని వెళ్లిన హైకోర్టు న్యాయమూర్తినే ఆపివేశారు. ఆ మరుసటి నెలలోనే తమిళనాడు ప్రభుత్వం అటువంటి నియమాలు చెల్లవని చట్టం చేసింది. న్యాయమూర్తిని ఆపారు కాబట్టి చట్టం వచ్చింది. అంతకు ముందు ఎందరు బడిపంతుళ్లు ఎదుటి కొట్టు బల్ల మీద కూర్చుని ఎదురుచూశారో ఎవరు లెక్కపెట్టారు?

నా పరిశీలన ఒకటి చెబుతాను, అంగీకరించకపోయినా ఫరవాలేదు. గేటును గట్టిగా పట్టుకునేది లోపల పుట్టినవాడు కాదు, నిన్ననే లోపలికి వచ్చినవాడు.

మెట్లదారి

రాయాలా వద్దా అని మూడు రోజులు ఆలోచించి రాస్తున్నాను. మా అమ్మ హైదరాబాదులో అపార్టుమెంటులలో గిన్నెలు తోమి, ఇళ్లు తుడిచి నన్ను చదివించింది. సెలవు రోజుల్లో ఆమెతో వెళ్లేదాన్ని. పనివారు లిఫ్టు వాడరాదని రాసిన అట్టముక్క లిఫ్టు పక్కన అంటించి ఉండేది. అమ్మకు చదువు రాదు. ఆ అట్ట ఏం చెబుతున్నదో నేనే మొదటిసారి చదివి వినిపించాను. అంతవరకు ఆమె వాచ్‌మెన్ చెప్పాడు కాబట్టి మెట్లు ఎక్కుతున్నదట, మోకాళ్లు పట్టుకుని, నాలుగో అంతస్తుకు, రోజుకు రెండుసార్లు.

ఇప్పుడు నేను సాఫ్ట్‌వేర్ ఉద్యోగం చేస్తూ, గేటు, గార్డు, ఈతకొలను ఉన్న కాలనీలో సొంత ఫ్లాటులో ఉంటున్నాను. నిరుడు మా బ్లాకు వాట్సాప్ గ్రూపులో ఒక ప్రతిపాదన వచ్చింది. పనివారు, సామాను తెచ్చేవారు వెనుకవైపు లిఫ్టునే వాడాలని, ముందు లిఫ్టుకు కార్డు పెడదామని దాని సారాంశం. ఒకరి తరువాత ఒకరు బొటనవేలు బొమ్మ పెడుతున్నారు. ముప్పై ఒకటి అయ్యాయి. నేను ముప్పై రెండవది పెట్టాను. ఎందుకు పెట్టానంటే, పెట్టకపోతే ఎవరైనా గమనిస్తారేమో, ఈమె ఎందుకు పెట్టలేదని ఆరా తీస్తారేమో అని. గోదావరి గట్టు గారు చెప్పిన భోజనానికి వెళ్లనివారి భయం, సియాటిల్ గారు చెప్పిన శంక నాకు వేరే ఎవరూ వివరించనక్కరలేదు.

అమ్మ ఇప్పుడు నాతోనే ఉంటుంది. ఆమె దగ్గర ముందు లిఫ్టు కార్డు ఉన్నది. అయినా వెనుక లిఫ్టులోనే వెళుతుంది, పనివాళ్లతో కబుర్లు చెప్పుకోవచ్చునని. కాలనీలో ఆమెకు ఉన్నన్ని స్నేహాలు నాకు లేవు.

నిక్కచ్చి

నేను వాదం కోసం వచ్చాను. మెట్లదారి గారి మాటలు చదివిన తరువాత వాదించాలనిపించడం లేదు. ఒక్కటే అడుగుతాను, ఆ ప్రతిపాదనను మళ్లీ చర్చకు పెట్టే వీలు లేదా?

మెట్లదారి

ఉన్నదండీ. ప్రతి మూడు నెలలకూ బ్లాకు సమావేశం జరుగుతుంది. అజెండాలో పెట్టమని రాయడానికి రెండుసార్లు కూర్చున్నాను, రెండుసార్లూ పంపలేదు.

తార్నాక_వాసి

ఇన్ని విషయాలు వస్తాయని ఈ చర్చ మొదలుపెట్టినప్పుడు అనుకోలేదు. హౌరా వంతెన గారి చివరి వాక్యం చదివిన రోజు నేను ఒప్పుకోలేదు. ఇప్పుడు నా సంగతి కూడా చెప్పుకోవాలి.

మా క్లబ్బులో కొత్తగా సభ్యత్వం ఇవ్వబోయేవారి ఛాయాచిత్రాలు నోటీసు బోర్డు మీద నెల రోజులు ఉంచుతారు, ఎవరికైనా అభ్యంతరం ఉంటే కార్యదర్శికి రాసి ఇవ్వవచ్చు. పోయిన శనివారం ఆ బోర్డు మీద మా పాత ఆఫీసులో నాకు జూనియరుగా పనిచేసిన కుర్రవాడి బొమ్మ కనిపించింది. మంచివాడు, పనిమంతుడు, నాకు ఎన్నడూ చెడు చేయలేదు. అయినా నా మనసులో మొదట పుట్టిన మాట "వీడికి ఆరేళ్లకే ఎలా వచ్చింది?" అన్నది. అభ్యంతరం రాసి ఇవ్వలేదు, ఇచ్చే ఉద్దేశమూ లేదు. కానీ ఆ బోర్డు ముందు అవసరమైన దానికంటే ఎక్కువసేపు నిలబడ్డాను.

నాన్నగారు వచ్చే నెల మళ్లీ వస్తున్నారు. ఈ చర్చ అంతా ఆయనకు ఫోనులో చదివి వినిపించి, క్లబ్బుకు వెళ్లకుండా వీధి చివరి హోటలుకే వెళదామన్నాను. "వద్దురా, అక్కడికే పోదాం, ఈసారి పంచెలోనే వస్తాను" అన్నారు. నియమావళి తీసి చూశాను: జాతీయ వస్త్రధారణకు ఇప్పుడు అనుమతి ఉన్నది, కానీ కాళ్లకు బూట్లైనా ఉండాలి, వెనుక పట్టీ ఉన్న చెప్పులైనా ఉండాలి. ఆయన తోలు చెప్పులకు పట్టీ లేదు. ఆ సంగతి చెబితే క్షణం ఆగి, "పట్టీయే కదా, మన ఊళ్లో కుట్టిస్తాలే" అన్నారు.